ఎస్తేరు సిస్టర్‌కి అన్ని లక్షణాలూ ఉన్నాయి

మా ఆరోగ్యశాఖ కమిషనర్ గారికి జలుబు చేసి ఓ ఆదివారమంతా ఇంట్లో ఉండిపోవడం వల్ల, సీతారేవు ఏరియా ఆసుపత్రిలో రోగిని చూసి నవ్వడం నేరమైంది.

మామూలుగా ఆయన ఆదివారాలు టెన్నిస్ ఆడతారు. ఆ రోజు ఆడలేదు. సోఫాలో దుప్పటి కప్పుకుని, మధ్యమధ్యలో ఆవిరి పట్టుకుంటూ, ‘నవ్వే సూది’ అనే డాక్యుమెంటరీని మొదటి భాగం నుంచి చివరి భాగం దాకా ఏకబిగిన చూశారు. ఆ రోజుల్లో అది చూడనివాళ్లు లేరు. ఎక్కడో మంచు కురిసే దేశంలో ఒక నర్సు తన వార్డులోని రోగుల్ని ఇంజెక్షన్లిచ్చి చంపేసిన కథ. తెలుగులోకి కూడా మార్చారు కాబట్టి మా ఊరి రైతుబజార్లో వంకాయలు తూచేవాళ్లు సైతం దాని గురించే మాట్లాడుకునేవాళ్లు. ప్రతి భాగంలోనూ ఒక ఖాళీ వరండా, వరండా చివర మినుకుమినుకుమనే ట్యూబులైటు, వెనకాల వయొలిన్ మీద ఒకే తీగని గీకుతున్న చప్పుడు. మా ఆసుపత్రిలోనూ వరండా ఉంది, మినుకుమినుకుమనే ట్యూబులైటూ ఉంది. వయొలిన్ ఒక్కటే లేదు.

ఆ నర్సుతో పనిచేసినవాళ్లు ఒకరి తర్వాత ఒకరు కెమెరా ముందు కూర్చుని, కళ్లు తుడుచుకుంటూ ఇంచుమించు ఒకే మాట చెప్పారు. “ఎంత మంచిదో! ఎప్పుడూ నవ్వుతూ ఉండేది. అందరికంటే ముందు వచ్చేది. రోగి పోతే ఏడ్చేది. మాకు ఏనాడూ అనుమానం రాలేదు.”

కమిషనర్ గారు ఆవిరి గిన్నె పక్కన పెట్టి లేచి నిలబడ్డారట. “అనుమానం రాకపోవడమేమిటి? లక్షణాలు ఇంత స్పష్టంగా కనబడుతుంటే!” అన్నారట.

మరుసటి వారానికల్లా సర్క్యులర్ వచ్చింది.

నా పేరు సన్యాసిరావు. ఆ ఆసుపత్రిలో ఫార్మసిస్టుని. మందుల గది కిటికీ వెనక కూర్చుంటాను. ఆ కిటికీలోంచి వార్డుల వరండా, ఆపరేషన్ గది తలుపు, పోర్టికో అన్నీ కనిపిస్తాయి కాబట్టి నేను చెప్పేది చాలావరకు నా కళ్లతో చూసిందే. సర్క్యులర్ని మా సూపరింటెండెంట్ డాక్టర్ మార్కండేయులు గారు సిబ్బందినందరినీ హాల్లో కూర్చోబెట్టి స్వయంగా చదివి వినిపించారు. ఆయనకి పై నుంచి వచ్చిన ఏ కాగితాన్నయినా నిలబడి చదివే అలవాటు.

“పై విషయమును పురస్కరించుకుని తెలియజేయునది ఏమనగా, రోగులకు హాని తలపెట్టు సిబ్బందిని హాని జరుగుటకు పూర్వమే గుర్తించి తగు చర్య గైకొనుటకుగాను, ఈ దిగువ లక్షణములను ప్రామాణికముగా నిర్ణయించడమైనది. విధులకు వేళకు ముందే హాజరగుట. విధులు ముగిసిన పిమ్మటను వార్డులో కనబడుట. రోగులను పేరుతో పిలుచుట. రోగి యొక్క ఆకలి, నిద్ర మున్నగు వ్యక్తిగత విషయములయందు ఆసక్తి చూపుట. సహేతుక కారణము లేకుండ చిరునవ్వు. మరణ సందర్భమున కన్నీరు. రోగుల బంధువులచే పొగడబడుట...”

ఇంకా ఉన్నాయి గానీ, అక్కడికొచ్చేసరికే హాల్లో తలలన్నీ ఒకవైపు తిరిగాయి. మూడో వరసలో కూర్చున్న ఎస్తేరు సిస్టర్ తనవైపు ఎందుకు చూస్తున్నారో తెలియక అందరినీ చూసి నవ్వింది.

“అదిగో,” అన్నారు మార్కండేయులు గారు, చాలా బాధగా.

ఎస్తేరు సిస్టర్ గురించి చెప్పాలి. మనిషి బొద్దుగా ఉంటుంది. మోకాళ్ల నొప్పులు. మాటలు ఎక్కువ. తన పాటంటే తనకి మహా ఇష్టం. చర్చిలో పాడినట్టే వార్డులోనూ పాడుతుంది. శ్రుతి కలవదు. కట్టు విప్పేటప్పుడు పాట అందుకుంటే, ఆ పాట ఎప్పుడు ఆపుతుందా అన్న ధ్యాసలో రోగి నొప్పి మరిచిపోతాడు. సీతారేవులో సగం మంది పిల్లలకి మొదటి సూది ఆవిడే వేసింది. వాళ్లు పెద్దయ్యాక సంతలో కనబడితే, “ఏరా, ఇంకా ఏడుస్తావా?” అంటుంది.

సర్క్యులర్ ప్రకారం ప్రతి ఆసుపత్రిలో ఒక లక్షణ నిర్ధారణ కమిటీ వెయ్యాలి. దానికి అధ్యక్షుడిగా ఒక్క లక్షణం కూడా లేని అధికారి ఉండాలి. మార్కండేయులు గారు మొత్తం సిబ్బందిని వడపోసి చూశారు. ఆయనకే ఒకటి తగిలింది. పోయినేడాది ఆయన ఒక చిన్నపిల్లకి చాక్లెట్ ఇచ్చారు. చివరికి మచ్చలేని మనిషి ఒక్కరే మిగిలారు. సర్జన్ డాక్టర్ ప్రద్యుమ్నరావు గారు.

ప్రద్యుమ్నరావు గారు ఏనాడూ వేళకి రాలేదు. వచ్చాక ఉండలేదు. ఊళ్లో ఆయనకి సొంత నర్సింగ్ హోమ్ ఉంది. మనసు అక్కడ, సంతకం ఇక్కడ. రోగి మొహం వంక చూడటం గానీ, పేరు అడగడం గానీ ఆయనకి తెలియదు. ఆయన్ని పొగిడిన బంధువు మా ఆసుపత్రి చరిత్రలో లేడు. ఆయన అధ్యక్షుడైన వారంలోనే నూకరాజు అనే చేపల వ్యాపారికి కుడివైపు హెర్నియా ఉంటే ఎడమవైపు ఆపరేషన్ చేశారు.

నూకరాజు లబోదిబోమన్నాడు. “ఇటుపక్కన్నాను కదండీ! ఏలు పెట్టి మరీ చూపించాను కదండీ!”

“నువ్వు పడుకుని చూపించావు. నేను నిలబడి చూశాను,” అన్నారు ప్రద్యుమ్నరావు గారు. “అయినా అటువైపు కూడా రేపో మాపో వచ్చేదే. ముందే చేసేశాను. సంతోషించు.”

ఈ సంగతి కమిటీ దృష్టికి వచ్చింది. ప్రద్యుమ్నరావు గారే అధ్యక్ష స్థానంలో కూర్చుని పరిశీలించారు. లక్షణాలేవీ లేవు కాబట్టి ఇది హాని కిందికి రాదనీ, ‘దిశాపరమైన వ్యత్యాసం’ అనీ తేల్చారు.

తర్వాత ఎస్తేరు సిస్టర్ని విచారణకి పిలిచారు. మందుల విషయం ఏదైనా వస్తే చెప్పడానికని నన్ను కూడా కూర్చోబెట్టారు.

“మీరు ఎనిమిదింటి డ్యూటీకి ఏడున్నరకే వస్తారట?” అన్నారు ప్రద్యుమ్నరావు గారు. తొమ్మిదింటికని పిలిచి ఆయన పదకొండింటికి వచ్చారు.

“మా ఊరి బస్సు అప్పుడేనండి. అది పోతే మళ్లీ తొమ్మిదింటిదాకా లేదు.”

“బస్సు సాకు. ‘నవ్వే సూది’ మూడో భాగంలో ఆ నర్సు కూడా ట్రాము సాకే చెప్పింది. రోగుల్ని పేర్లతో పిలుస్తారా?”

“పేరున్నోళ్లని పేరుతోనే పిలుస్తాం కదండీ?”

“మంచానికి నంబరుంది. ప్రభుత్వం ఖర్చు పెట్టి రంగుతో రాయించింది. అది ఉండగా పేరుతో పని పడిందంటే లోపల ఏదో ఉద్దేశం ఉన్నట్టు.”

మార్కండేయులు గారు గొంతు సవరించుకుని, “పోయిన నెల పద్మనాభం అనే పెద్దాయన మరణించినప్పుడు మీరు కన్నీరు కార్చినట్టు సమాచారం,” అన్నారు.

“కార్చానండి. పాపం నా చేత్తో గంజి పడితేనే తాగేవాడండి.”

“గంజి!” మార్కండేయులు గారు కలం అందుకున్నారు. “గంజి తాగిన మీదట మరణించాడు.”

“అయ్యో, కాదండీ. గంజి తాగి, కోలుకుని ఇంటికెళ్లాడండి. ఆనక గుండెపోటొచ్చి మళ్లీ తీసుకొచ్చారు.”

“అంటే మొదటి ప్రయత్నం ఫలించలేదు,” అని రాసుకున్నారు.

ఎస్తేరు సిస్టర్ నావైపు చూసింది. నేను బల్ల వైపు చూశాను. ఉద్యోగం పోతే ఆవిడ ఇల్లు గడవడం కష్టం. భర్త లేడు, కూతురు నర్సింగే చదువుతోంది. ఆవిడ ఆ సంగతి చెప్పబోతే, కుటుంబంలో రెండో మనిషిని కూడా అదే వృత్తిలోకి దించడం ఐదో భాగంలో ఉందన్నారు. చివరికి మార్కండేయులు గారు దయతలిచి సస్పెన్షన్ ఆపారు. ఆవిడకి ‘సంస్కరణ కాలం’ ఇచ్చారు. ఆ కాలంలో ఒక్క లక్షణం కనబడినా ఇంటికే.

ఆవిడొక్కర్తికే కాదు. సిబ్బందందరికీ ‘ఆత్మీయతా నియంత్రణ శిక్షణ’ పెట్టారు. శిక్షణ ఇవ్వడానికి, ఏదో ఆఫీసులో ఎంక్వయిరీ కిటికీ వెనక జీవితమంతా గడిపి రిటైరైన ఓ పెద్దమనిషిని పిలిపించారు. ఆయన చాలా అనుభవజ్ఞుడు. “ముందు ‘లేదు’ అనండి. తర్వాత వాళ్లేం అడిగారో వినండి,” అన్నాడు. ఎదుటి మనిషి మొహం కాకుండా భుజం మీదుగా గోడని ఎలా చూడాలో చూపించాడు. యువ నర్సులు గోడని చూడటం ఒక్క పూటలో నేర్చేసుకున్నారు. ఎస్తేరు సిస్టర్‌కి మాత్రం పట్టుబడలేదు. గోడని చూద్దామనుకుంటే మధ్యలో మనిషి అడ్డొస్తున్నాడంది.

అయినా పాపం ప్రయత్నించింది. ఒకరోజు మాత్రలిస్తూ, “ఏయ్ పద్దెనిమిదో నంబరూ! మింగుతావా చస్తావా!” అని అరిచింది. పద్దెనిమిదో నంబరు ముసలాయన భయపడలేదు, కంగారుపడ్డాడు. పక్క మంచం మీది నూకరాజుని లేపి, “సిస్టరమ్మకి ఒంట్లో బాలేనట్టుందిరా, ఎవర్నన్నా పిలు,” అన్నాడు. అప్పుడు ఆవిడ తలుపు దగ్గరికేసి సంగతంతా చెప్పుకుంది.

వార్డంతా ఆలోచనలో పడింది. పొగడటమే ముప్పయితే తిడితే సరిపోతుంది కదా అన్నాడు నూకరాజు. మర్నాడు రోగులూ వాళ్ల బంధువులూ కలిసి సూపరింటెండెంట్ గది ముందు గుమిగూడారు. కర్రల మీద వచ్చినవాళ్లున్నారు, సెలైన్ సీసా పైకెత్తి పట్టుకుని వచ్చినవాళ్లున్నారు. నూకరాజు పొట్ట పట్టుకుని ముందు నిలబడ్డాడు.

“ఈ ఎస్తేరు సిస్టరు మహా దుర్మార్గురాలండి! మనిషిని మనిషిలా చూడదండి. ఇన్నాళ్లయినా నా పేరేంటో కూడా ఆవిడకి తెల్దండి!”

వెనకనించి ఎస్తేరు సిస్టర్ గొంతు వినబడింది. “నూకరాజూ, అలా అరవకమ్మా, కుట్లు ఊడతాయి!”

“అలాగే సిస్టరమ్మా,” అన్నాడు నూకరాజు అలవాటుగా.

కమిటీ దీన్ని తీవ్రంగా పరిగణించింది. ఇంతమంది రోగులు ఒక నర్సు కోసం అబద్ధమాడటానికి సిద్ధపడ్డారంటే ఆవిడ వాళ్ల మనసుల్ని ఎంతగా వశం చేసుకుందో అర్థమవుతోందని ప్రద్యుమ్నరావు గారు రాశారు. ఆ నివేదిక కమిషనర్ గారికి వెళ్లింది. ఆయన ఉప్పొంగిపోయారు. రాష్ట్రమంతటా వెతకగా అన్ని లక్షణాలూ ఉన్న మనిషి మా దగ్గరే దొరికింది. ఆ సంతోషంలో, ‘నవ్వే సూది’ లాంటిదే తెలుగులో తీస్తామని ఎప్పట్నుంచో తిరుగుతున్న ఒక సంస్థకి అనుమతిచ్చేశారు.

దర్శకుడి పేరు తేజోవర్ధన్. హైదరాబాద్ నుంచి నల్ల చొక్కాలేసుకున్న బృందంతో దిగాడు. మొదటిరోజే మా ట్యూబులైటు చూసి ముగ్ధుడైపోయాడు. మా ఎలక్ట్రీషియన్ దాన్ని బాగుచేస్తానంటే చేతులు పట్టుకుని ఆపాడు.

ఎస్తేరు సిస్టర్‌కి సినిమా వాళ్లంటే మొదట్లో సరదాగానే ఉండేది. ఇస్త్రీ చీర కట్టుకుని వచ్చింది. తనని అనుమానిస్తున్నారన్న సంగతి మర్చిపోయి, పాట కూడా పెడతారా అని అడిగింది. మోకాళ్ల నొప్పితో వరండాలో మెల్లగా నడుస్తుంటే తేజోవర్ధన్ మానిటర్ ముందు కూర్చుని, “అబ్బ, ఆ నడక! స్లో మోషన్ ఖర్చు కూడా కలిసొస్తోంది,” అన్నాడు.

“మేడమ్, కెమెరా వంక చూసి నవ్వండి. నవ్వి, సడన్‌గా నవ్వు ఆపేయండి.”

“నవ్వకూడదని ఆర్డరుందండి.”

తేజోవర్ధన్ మార్కండేయులు గారి వైపు తిరిగాడు. ఆయన కాస్త ఆలోచించి, “షూటింగ్ నిమిత్తం మినహాయింపు ఇస్తున్నాను,” అన్నారు. ఆవిడ నవ్వింది. ఆపమన్నప్పుడు ఆగలేదు. చాలాసార్లు తీశారు.

ప్రద్యుమ్నరావు గారిని నిపుణుడిగా తీసుకున్నారు. లావుపాటి పుస్తకాల ముందు కూర్చోబెట్టి మొహం మీద పక్కనుంచి వెలుతురు పడేలా చేశారు. ఆ పుస్తకాలు షూటింగ్ వాళ్లే తెచ్చుకున్నారు. ఆయన రోజూ వేళకి రావడం మొదలుపెట్టారు. ఆసుపత్రికి కాదు, షూటింగుకి.

ఈ హడావిడిలోనే గంగాభవాని అనే అమ్మాయికి అపెండిసైటిస్ ఆపరేషన్ అయింది. ప్రద్యుమ్నరావు గారే చేశారు. బయట లైట్లు సర్ది పిలుస్తున్నారని తొందరతొందరగా కుట్టేసి వెళ్లారు. గంగాభవాని భర్త చిట్టిబాబు ఊళ్లో ఆటో నడుపుతాడు. పెళ్లాన్ని వదలకుండా మంచం పక్కనే కూర్చుని ఉండేవాడు.

రోజులు గడుస్తున్నా ఆ పిల్ల తేరుకోలేదు. కడుపు ఉబ్బింది. జ్వరం దిగడం లేదు. ముట్టుకుంటే కేకలు. ప్రద్యుమ్నరావు గారు మేకప్‌తో వచ్చి గుమ్మంలోంచే చూసి, “గ్యాస్. పంపించేయండి,” అన్నారు.

ఎస్తేరు సిస్టర్ నా కిటికీ దగ్గరికొచ్చింది. “సన్యాసిరావు గారూ, ఆ పిల్లని చూస్తుంటే నాకు భయమేస్తోందండి.”

“భయపడకండి సిస్టర్,” అన్నాను. “రోగి గురించి భయపడటం కూడా లక్షణమే. రెండో పేజీలో ఉంది.”

“ఇప్పుడు పంపించేస్తే చచ్చిపోద్దండీ!”

“మీరు మాట్లాడితే మీ ఉద్యోగం పోతుంది.”

ఆవిడ కాసేపు కిటికీ చువ్వలు పట్టుకుని నిలబడింది. తర్వాత మోకాళ్ల మీద చేతులు ఆనించుకుంటూ మెట్లు దిగి వెళ్లిపోయింది. మాట విన్నదనుకుని నేను ఊపిరి పీల్చుకున్నాను.

పోర్టికోలో చిట్టిబాబు ఆటో పెట్టి ఉంది. మూలుగుతున్న గంగాభవానిని వెనకసీట్లో పడుకోబెట్టారు. చిట్టిబాబు కాగితాలు తీసుకుని వచ్చేసరికి డ్రైవర్ సీట్లో ఎస్తేరు సిస్టర్ కూర్చుని ఉంది. తాళంచెవి ఆవిడ గుప్పిట్లో ఉంది.

“దిగండి సిస్టరమ్మా, ఇంటికెళ్లాలి.”

“ఇంటికెళ్లడానికి లేదు. పెద్ద డాక్టర్ని పిలు.”

పెద్ద డాక్టరూ వచ్చారు, ప్రద్యుమ్నరావు గారూ వచ్చారు, వాళ్లతో పాటు కెమెరా కూడా వచ్చింది. మార్కండేయులు గారు చుట్టూ చూసి నెమ్మదిగా, “సిస్టర్, మీరు సంస్కరణ కాలంలో ఉన్నారు. గుర్తుంచుకోండి. దిగండి,” అన్నారు.

“దిగనండి! ఈ పిల్ల కడుపులో ఏముందో నాకు తెల్దు. మీకూ తెల్దు. ఆయనకి అసలే తెల్దు. స్కాను తీసి చూడండి. ఏం లేదంటే నేనే దండం పెట్టి ఇంటికి పోతాను. అప్పటిదాకా ఈ ఆటో కదిలితే నా మీంచి పోవాలి!”

శిక్షణలో ఒక్కసారి కూడా రాని అరుపు అప్పుడు వచ్చింది. జనం పోగయ్యారు. నూకరాజు వచ్చి ఆటో చక్రం ముందు కూర్చున్నాడు.

“చూశారా,” అన్నారు ప్రద్యుమ్నరావు గారు కెమెరా వైపు తిరిగి, మొహం మీద ఏ కోణంలో వెలుతురు పడుతుందో చూసుకుని. “దొరికిపోతానన్న భయం. ఆఖరి భాగంలో ఇలాగే ఉంటుంది.”

తేజోవర్ధన్‌కి ప్రాణం లేచొచ్చింది. “సార్, సూపర్! ఆవిడ స్కాన్ గదిలోకి పరిగెడితే ఇంకా బాగుంటుంది. స్కాన్ తీయించండి సార్, ఆ స్క్రీన్ నీలంగా మెరుస్తుంది కదా, ఆవిడ మొహం మీద ఆ వెలుగు పడాలి.”

మార్కండేయులు గారికి దారి దొరికింది. సర్జన్ వద్దన్నాక స్కాన్ తీయడం రూల్ ప్రకారం కుదరదు. కానీ కమిషనర్ గారు అనుమతించిన షూటింగుకి సహకరించడం రూలే. “షూటింగ్ నిమిత్తం స్కాన్ మంజూరు చేస్తున్నాను,” అన్నారు.

అలా గంగాభవాని కడుపుకి స్కాన్ తీశారు. ఎస్తేరు సిస్టర్ మొహం మీద నీలం వెలుగు పడింది. తేజోవర్ధన్ మురిసిపోయాడు. స్కాన్ తీస్తున్న అమ్మాయి మాత్రం ఆ పని ఆపి, మళ్లీ చూసి, “సార్, లోపల ఏదో ఉండిపోయింది,” అంది.

హుటాహుటిన జిల్లా ఆసుపత్రికి పంపారు. ఎస్తేరు సిస్టర్ అంబులెన్సులో పక్కనే కూర్చుని దారి పొడుగునా ఆ పిల్ల చెయ్యి పట్టుకుని పాడిందట. అక్కడ కడుపు తెరిస్తే చీముతో పాటు, ఆపరేషన్లో నెత్తురు అద్దే గాజుగుడ్డ, చేతిరుమాలంతది, బయటపడింది. ఇంకొక్క రోజు ఆలస్యమైతే మనిషి దక్కేది కాదన్నారు. గంగాభవాని బతికింది. చాలా కాలం మంచం మీదే ఉంది, సగం మనిషైపోయింది, కానీ బతికింది.

నేనైతే ఎస్తేరు సిస్టర్ కష్టాలు గట్టెక్కాయనుకున్నాను. కమిటీ అలా అనుకోలేదు. ప్రద్యుమ్నరావు గారి అధ్యక్షతన కూర్చుని రెండు నిర్ణయాలు చేసింది. ఒకటి, సదరు గాజుగుడ్డ ప్రభుత్వ ఆస్తి, అది చెక్కుచెదరకుండా తిరిగి లభించినందుకు హర్షం. రెండు, రోగి కడుపులో వస్తువున్నదన్న విషయం వైద్యనిపుణులకే తెలియనప్పుడు, ఒక నర్సుకి ముందుగా అనుమానం ఎలా కలిగింది? నాలుగో భాగంలో ప్రమాదాన్ని మొదట కనిపెట్టేది ఎప్పుడూ హంతకురాలే.

“ఆ గుడ్డ నేనే పెట్టానంటారా?” అంది ఎస్తేరు సిస్టర్.

“మేము ఏమీ అనడం లేదు. ప్రశ్నను మాత్రం సజీవంగా ఉంచుతున్నాము,” అన్నారు మార్కండేయులు గారు. ఈ మాట ఆయన తేజోవర్ధన్ దగ్గర నేర్చుకున్నారు.

చిట్టిబాబు ఆటో వేసుకుని వచ్చాడు. సూపరింటెండెంట్ గదిలోకి రానివ్వకపోతే, వరండాలో వైర్లు చుట్టుకుంటున్న తేజోవర్ధన్ని పట్టుకున్నాడు. నా కిటికీ ముందే నిలబడి మాట్లాడుకున్నారు.

“బాబూ, మా గుడ్డ సంగతి మీ సినిమాలో పెడతారు కదండీ?”

తేజోవర్ధన్ చెడ్డవాడు కాదు. నిజంగానే ఆలోచించాడు. “డాక్టర్ గారికి మీ మీద పగేమైనా ఉందా?” అన్నాడు.

“నన్నాయన ఇప్పటిదాకా చూళ్లేదండి.”

“పోనీ మీ ఆవిడ మీద?”

“దాన్ని కూడా సరిగ్గా చూళ్లేదండి. అదేనండి మా గొడవ!”

“అదే చిక్కు,” అన్నాడు తేజోవర్ధన్ నిట్టూర్చి. “నిర్లక్ష్యాన్ని ఎవరూ చూడరు చిట్టిబాబు గారూ. మొదటి భాగంలోనే ఆపేస్తారు. రోజూ ఊళ్లో కనబడేదే కదా అంటారు. చంపాలని అనుకుని చంపినవాళ్లయితే ఎన్ని భాగాలైనా చూస్తారు. లోపల ఒక చీకటి మనసుండాలి. ఈయన లోపల ఏమీ లేదు.”

“మరి నా పెళ్లాం లోపల ఉందిగా అండీ, గుడ్డ! దాన్ని చూపించండి!” చిట్టిబాబు చొక్కా చేత్తో కళ్లు తుడుచుకున్నాడు. “మాకు సినిమా సంగతులు తెలవదండి. కోసినోడెవడో, కాపాడిందెవరో తిరగేసి చెప్పకండి, అంతే చాలు.”

తేజోవర్ధన్ అతని భుజం తట్టి, ఆ కన్నీళ్లు మళ్లీ ఒకసారి కెమెరా ముందు వస్తాయేమోనని అడిగాడు. చిట్టిబాబు ఆటో స్టార్ట్ చేసుకుని వెళ్లిపోయాడు.

డాక్యుమెంటరీ ‘తెల్లచీర’ అనే పేరుతో వచ్చింది. ఎస్తేరు సిస్టర్ వరండాలో నడుస్తుంది. ట్యూబులైటు మినుకుమంటుంది. వయొలిన్ కూడా వచ్చి చేరింది. ఆటోలో కూర్చుని అరిచిన దృశ్యం ఉంది గానీ, మాటలు తీసేసి వయొలినే వేశారు. స్కాన్ వెలుగులో ఆవిడ మొహం మీద చాలాసేపు ఆగారు. ఆ మొహంలో నిజానికున్నది, ఆ పిల్ల ఏమైపోతుందోనన్న దిగులు. చూసినవాళ్లకి మాత్రం వెన్నులో వణుకు పుట్టిందట. చివర్లో ప్రద్యుమ్నరావు గారు పుస్తకాల ముందు కూర్చుని, “ఇలాంటివాళ్లు మన మధ్యే ఉంటారు. చాలా మామూలుగా కనిపిస్తారు. ఎవరూ పట్టుకోలేరు,” అన్నారు. ఆ ముక్క నిజమే అనిపించింది నాకు.

ఆయనకి కొత్తగా వేసిన రాష్ట్ర లక్షణ మండలిలో స్థానం దొరికింది. అయినా ఆపరేషన్లు మానలేదు. సేవాభావం కలవాడని కమిషనర్ గారు సభలో మెచ్చుకున్నారు. పొగడ్త లక్షణం కదా అని ఎవరో గుర్తుచేస్తే, అది రోగుల బంధువులకే వర్తిస్తుందని వివరణ ఇచ్చారు.

ఎస్తేరు సిస్టర్ మీద నేరం రుజువు కాలేదు కాబట్టి తీసేయడానికి వీల్లేకపోయింది. లక్షణాలున్నాయి కాబట్టి వార్డులో ఉంచడానికీ వీల్లేకపోయింది. బదిలీ ఉత్తర్వులో, “ప్రాణహానికి ఏ మాత్రము ఆస్కారము లేని విభాగమునందు” నియమిస్తున్నట్టు రాశారు. మా ఆసుపత్రిలో అలాంటి విభాగం ఒక్కటే ఉంది. మార్చురీ.

వెళ్లేటప్పుడు ఆవిడ నా కిటికీ దగ్గర ఆగింది. “అక్కడైనా నవ్వొచ్చాండీ?” అంది. నేను సర్క్యులర్ చూసి, రోగి అన్న మాటే ఉంది గానీ శవం అన్న మాట లేదు కాబట్టి అభ్యంతరం లేదని చెప్పాను.

అక్కడా ఆవిడ ఆవిడలాగే ఉంది. ఇన్నాళ్లూ ముక్కు మూసుకుని పరిగెత్తే గది గుమ్మంలో ముగ్గు కనబడటం మొదలైంది. పోయినవాళ్ల తల దువ్వేది. చొక్కా గుండీలు పెట్టేది. వచ్చినవాళ్లని బెంచీ మీద కూర్చోబెట్టి మంచినీళ్లిచ్చి, వాళ్లు ఏడవడం అయ్యేదాకా పక్కనే కూర్చునేది. మెల్లగా పాడేది కూడా. ఓ కోడలికి అత్తగారి ఆఖరి మొహం నిద్రపోతున్నట్టు కనబడింది. తండ్రిని తీసుకెళ్లడానికి వచ్చిన ఓ కొడుకు వెనక్కొచ్చి ఆవిడ చేతులు పట్టుకున్నాడు. ఇవన్నీ ఊళ్లో పాకాయి. వార్డుల్లో మాత్రం అందరూ బాగా శిక్షణ పొందారు. గోడలన్నిటికీ చక్కటి పర్యవేక్షణ ఉంది.

మొన్న ఒక ముసలమ్మ ఏటి మధ్య లంకల్లోంచి వచ్చి నా కిటికీ ముందు నిలబడింది. భర్తని మగవాళ్ల వార్డులో చేర్పించిందట.

“పొద్దుట్నించీ ఆయన్ని ఎవరూ చూళ్లేదు నాయనా. నీళ్లడిగినా పలకలేదు. వెనకాల చివర గదిలో ఒక సిస్టరమ్మ ఉందంట కదా, కన్నబిడ్డలా చూసుకుంటదంట. మా ఊళ్లో అందరూ చెప్పుకుంటున్నారు. మా ఆయన్ని ఆ గదిలోకి మార్పించవా, నీకు పుణ్యముంటది.”

ఆ గది ఏమిటో చెబుదామని నోరు తెరిచాను. ఆవిడ ఆశగా చూస్తోంది.

“ఆ గదిలో తిన్నగా చేర్చుకోరమ్మా,” అన్నాను. “ముందు ప్రద్యుమ్నరావు గారు చూడాలి.”

“అంతేనా నాయనా, చూపిస్తే చేర్చుకుంటారా?” అంటూ ఆవిడ సంబరంగా చెంగుతో మొహం తుడుచుకుని, ఆయన గది ముందు వరసలో వెళ్లి కూర్చుంది.